మా డ్రిల్లు సారు బిగించిన రింగు

నా చిన్నప్పుడు, ఆట ఆడినందుకు నెలనెలా జీతమిస్తారని ఎవరైనా అంటే మా సూర్యాపేటలో నవ్వేవాళ్ళు. మా డ్రిల్లు సారు అలా జీతం తీసుకున్న మనిషి. హైదరాబాదులో ఒక బట్టల మిల్లు తన జట్టు కోసం ఆయన్ని పెట్టుకుందట. పేరుకు మిల్లు నౌకరీ, చేసేది బాస్కెట్‌బాల్ ఆడడం. ఏడేళ్ళు ఆడి, మానేసి, మా ఆడపిల్లల బడికి వచ్చారు. ఎందుకు మానేశారని అడిగితే మోకాలు నిమురుకుంటూ "దెబ్బ తాకింది బిడ్డా" అనేవారు. అంతకుమించి మాట కదిలేది కాదు.

బడి వెనక రాళ్ళు ఏరించి, నేల చదును చేయించి, రెండు స్తంభాలు పాతించారు. రింగులు మాత్రం కమ్మరి దగ్గర తానే కూర్చొని చేయించుకొచ్చారు. ఆ యేడు మిర్యాలగూడలో బడుల పోటీ ఉంది. మా నాయన దర్జీ. జట్టుకు ఎంచే ఐదుగురిలో నీ పేరుంటే పో, లేకుంటే ఆట బందు చేసి మిషను మీద కూర్చో అన్నాడు. నాయన అన్నాడంటే అన్నట్టే. నాకేమో మిషను చూస్తే నిద్రొచ్చేది, బంతి చూస్తే తిండి కూడా గుర్తుండేది కాదు.

మొదట్లో అందరం పది వేస్తే మూడు పడేవి. ఒకరోజు సారు ఆట నియమాలు రాయించారు. రింగు అడ్డకొలత పద్దెనిమిది అంగుళాలు ఉండాలట. దర్జీ బిడ్డను కదా, నా కంటికి అనుమానమొచ్చింది. గోడలకు సున్నం వేయడానికి తెచ్చిన నిచ్చెన ఎక్కి, నాయన టేపుతో కొలిచాను. పదిహేనే ఉంది.

ఉడుకుమోత్తనంతో నేరుగా సారు దగ్గరికి పోయాను. "సారూ, కమ్మరాయన మిమ్మల్ని మోసం చేసిండు" అన్నాను. ఆయన అటూ ఇటూ చూసి మెల్లగా చెప్పారు. "మోసం గాదు, నేనే చేయించిన. గీడ చిన్నదాంట్ల వేసుడు అలవాటైతే గాడ పోటీల పెద్దదాంట్ల సులువుగ పడతయ్. ఇగ ఎవ్వరికీ చెప్పకు." నాకొక్కదానికే తెలిసిన రహస్యమని మురిసిపోయాను.

ఆ మురిపెమే నా కొంప ముంచింది. బంతి తప్పిన ప్రతిసారీ, రింగు చిన్నది కదా అని నాకు నేనే చెప్పుకున్నాను. మోచేయి సరిచేసుకోవడం, మోకాళ్ళు వంచడం మానేశాను. సంగతి తెలియని పిల్లలు తప్పు తమ చేతిదే అనుకొని దిద్దుకున్నారు. వాళ్ళు పదికి ఆరు వేస్తుంటే నాకు ఒకటి పడితే గొప్ప. రోజూ వెళ్ళి రింగు మార్చమని సారు చెవిలో పోరేదాన్ని. ఇంటికొచ్చి అమ్మ కొంగులో మొహం పెట్టుకొని ఏడ్చేదాన్ని.

ఐదుగురిని ఎంచడానికి ఇంకా పది రోజులుందనగా రెండు రింగులకూ ఎర్రరంగు పడింది. సారు నన్ను పక్కకు పిలిచారు. "నీ పోరు పడలేక మార్పించిన. ఇప్పుడు సరిగ్గ పద్దెనిమిది. ఇగ సాకులేం లేవు, వెయ్" అన్నారు. వేశాను. తప్పింది. ఈసారి తిట్టుకోవడానికి నేను తప్ప ఎవరూ లేరు. మోకాళ్ళు వంచాను, మోచేయి నిలబెట్టాను. మూడోది పడింది. వారం తిరిగేసరికి పదికి ఏడు పడుతున్నాయి. ఐదుగురిలో నా పేరు చదివినప్పుడు నాయన కూడా నవ్వాడు.

మిర్యాలగూడలో ఒక ఆట గెలిచాం, ఒకటి ఓడాం. అక్కడి రింగు బావిలా ఉందని మావాళ్ళు నవ్వుతుంటే నాకు చురుక్కుమంది. నాకూ అది పెద్దగానే కనిపించింది మరి. తిరిగి రాగానే నిచ్చెన వేశాను. ఎర్రరంగు కింద అదే పదిహేను.

అబద్ధమెందుకు చెప్పారని సారు మీదికి పోయాను. అప్పుడు మొదటిసారి తన కథ చెప్పారు. ఒక ఆటలో పడి మోకాలికి దెబ్బ తగిలితే, కట్టు కట్టించుకొని, మానాక మళ్ళీ రెండేళ్ళు బాగానే ఆడారట. తర్వాతెప్పుడో దవాఖానలో డాక్టరు ఎక్స్‌రే చూపించి, ఇది ఎముకలో పాత చీలిక, ఎప్పుడో అతుక్కుంది, హాయిగా ఆడుకో అన్నాడట. "ఆ గీత కండ్లల్ల పడ్డది బిడ్డా. ఎగరబోతే అదే కనబడేది. మోకాలు మంచిగనే ఉండె. నా ఆట నేనే ఖతం చేసుకున్న" అన్నారు.

"టేపు మీ ఇంట్లనే ఉండె గదా, మార్పించిన అన్ననాడే ఎందుకు కొలవలే?" అని అడిగారు. నమ్మాలనిపించింది, నమ్మాను.

పెళ్ళయి కోదాడ వచ్చాను. మా ఇంటాయన పోయాక ఇద్దరాడపిల్లలతో బస్టాండు దగ్గర టిఫిన్ బండి పెట్టాను. ఆడమనిషికి ఒంటరిగా నిలబడడం కష్టమని చుట్టుపక్కలవాళ్ళు వంద కారణాలు చెప్పారు. అన్నీ నిజాలే, ఒక్కదాన్నీ కాదనలేదు. పొద్దున పొయ్యి వెలిగించేటప్పుడు మాత్రం వాటిని తలుచుకోలేదు. ఇడ్లీ గట్టిపడితే బియ్యాన్ని అనకుండా నా చేతినే దిద్దుకున్నాను. పిల్లలిద్దరూ స్థిరపడ్డారు.

సారు నాతో అబద్ధమాడారన్న కోపం డెబ్బై ఏళ్ళొచ్చినా పోలేదు. పోకపోతేనే బాగుంటుంది. అది పోతే ఆయన్ని ఇంతగా తలుచుకోనేమో.