స్కూటరు గుడ్డ తగిలిన చోటు

మా మేనమామ ఎమరీ కాగితం పట్టాడంటే ఫైబర్ పడవ మీద వాలిన ఈగ జారి కింద పడాల్సిందే. నా కళ్లముందే మూడు ఈగలు నడుం విరగ్గొట్టుకున్నాయి. నమ్మకపోతే మీ ఖర్మ. ముప్పై ఏళ్లు పడవలు అరగదీసి ఆయన వేలిముద్రలే అరిగిపోయాయి. ఆఫీసుల్లో యంత్రాలు అది మనిషి వేలంటే ఒప్పుకోవు.

పడవలకు రంగులేసే షెడ్డు మా నాన్నది, పనితనం మామది. ఇద్దరి మధ్యా పచ్చగడ్డి వేస్తే భగ్గుమంటుంది. మధ్యలో అమ్మ ఉంది కాబట్టి ఇంతవరకూ తలలు పగల్లేదు.

ఈసారి నాన్న సొంత పడవకే రంగు వేయాల్సి వచ్చింది.

"బామ్మర్దీ, ఇది గనక పెచ్చులూడిందో, ఆ రోజే సామాను సర్దుకో," అన్నాడు నాన్న, షెడ్డులో అందరూ వింటుండగా.

"ఊడకపోతే నువ్వు సర్దుకుంటావా బావా?"

మామ నాలుగు రోజులు పాత రంగు అరగదీసి, దుమ్ము దులిపి, భోజనానికి వెళ్లాడు. తిరిగొచ్చేసరికి పడవ ముక్కు తళతళలాడుతోంది. పక్కనే నాన్న. చేతిలో, స్కూటరుకు మైనం పాలిష్ పట్టే గుడ్డ.

"దుమ్ముంటే తుడిచా. దానికీ ఏడుపేనా?"

మామ మగ్గుతో నీళ్లు తెచ్చి పడవ మీద కొట్టాడు. పక్కలంతా నీళ్లు పలచగా పరుచుకున్నాయి. ముక్కు మీద మాత్రం బొట్లు బొట్లుగా ముడుచుకుని జారిపోయాయి.

"చూశావా? మైనం! నీళ్లే నిలవని చోట రంగు నిలుస్తుందా? నన్ను గెంటడానికి గుడ్డముక్క చాలనుకున్నావా?"

"స్కూటరుకి పనికొచ్చింది పడవకి పనికిరాదా? నీ పని మీద నీకే నమ్మకం లేదు, అదీ సంగతి!"

మామ పడవ ముక్కంతా థిన్నరుతో కడిగి మళ్లీ అరగదీశాడు. ఒక్క అరచేయంత చోటు మాత్రం ముట్టుకోలేదు. "ఇది నీ వాటా బావా," అని దాని మీదా అదే రంగు వేశాడు.

నెల తిరిగేసరికి సరిగ్గా ఆ చోటే రంగు మీగడలా లేచొచ్చింది. నాన్న ముఖం వెలిగిపోయింది.

"ఊడింది! సర్దుకో!"

మామ గీకే బద్ద తెచ్చి ఆయన చేతిలో పెట్టాడు. "ఊడింది నీ వాటా. నాది ఒక్క పెచ్చు లేపు, ఈ క్షణమే పోతా."

నాన్న గీకాడు. చెమటలు కారేలా గీకాడు. ఆ చప్పుడుకు రేకుల మీది పావురాలు పక్క వీధికి కాపురం మార్చాయి. బద్ద వంగింది. గీతలు పడ్డాయి గాని పెచ్చు లేవలేదు.

"గీతలు పడ్డాయి. రేపటికల్లా సరిచెయ్యి!" బద్ద విసిరికొట్టి, నాన్న ఆఫీసు గదిలోకి పోయి తలుపు ధడాలున వేసుకున్నాడు.

"చేస్తా," అని మామ ఆ తలుపు మీదకే అరిచాడు. "ముందు ఆ గుడ్డ ఇలా పారెయ్!"