ఆ ఒక్క పేరు

సూర్యాపేటలో మిర్యాలగూడ బస్సు కదిలినప్పటి నుంచి పక్క సీటు పెద్దాయన ఫోన్ తీస్తున్నాడు, చూస్తున్నాడు, మళ్లీ జేబులో పెట్టుకుంటున్నాడు. నాకు చిరాకేసింది.

"ఎవరికన్న ఫోన్ చెయ్యాల్నా పెద్దాయనా?"

"లేదు బిడ్డా. కోర్టు వాయిదాకు పోయొస్తున్న."

ఆయనే చెప్పాడు. అడవిపందులు వరి తొక్కుతుంటే పొలం చుట్టూ కరెంటు తీగ కట్టాడట. రోజూ స్విచ్ వేసేముందు చుట్టుపక్కల పొలాలవాళ్లందరికీ ఇటు రావద్దని ఫోన్ చేసేవాడట, పొలాల మధ్య గెట్టు పంచాయితీలో మాటలు బందైన ఒక్కాయనకు తప్ప. ఓ రోజు నీళ్లు పెట్టుకోవడానికి వచ్చిన ఆ ఒక్కాయనే తీగ తగిలి చనిపోయాడు.

"సంపాలని పెట్టలే బిడ్డా, పందులకే పెట్టిన. ఫోన్ చేసుడు మర్శిపోయిన అని చెప్పుమంటుండు వకీలు."

"మరి మర్శిపోయిన్రా?"

ఆయన ఫోన్ తెరిచి ఒక పేరు మీద వేలు పెట్టాడు. "రోజూ ఈ పేరు దాంక వచ్చి, దాటి కిందికి పోయేటోన్ని."



మా చేను చుట్టూ కూడా అదే తీగ ఉంది. బస్సు దిగి, స్టాండులోనే నిలబడి, మా గెట్టు పక్కాయన నంబరు కోసం ఫోనంతా వెతికాను. దొరకలేదు. కొట్లాడిన రోజే తీసేశాను.