ఖుబూల్ అన్నదెవరు?

కాల్గరీ నుంచి రెజైనా వెళ్ళే బస్సులో కర్నూలుకు చెందిన షమీమ్ ఆంటీ పరిచయమయ్యారు. కూతురి నిఖాకు వెళ్తున్నారు. పెళ్ళయ్యాక చదువు మాననని, విడాకులిచ్చే హక్కు తనకూ ఉండాలని ఆ అమ్మాయి నిఖానామా అనే పెళ్ళి ఒప్పంద పత్రంలో షరతులు రాయించిందట.

ఆశ్చర్యపోయాను. "అబ్బాయి ఒప్పుకున్నాడా ఆంటీ?"

"చదివి, సరేనన్నాడమ్మా. ఇవన్నీ మాలో ముందు నుంచీ ఉన్నవే. మాకెవరూ చెప్పలేదంతే."

ఆమె కాసేపు మంచు కప్పిన పొలాల వైపు చూశారు. "నా నిఖాలో ఖాజీ గారు పరదా అవతలి నుంచి ఈ పెళ్ళి ఖుబూలేనా, ఒప్పుకుంటున్నావా అని నన్నడిగారు. నేను నోరు తెరిచేలోగా మా పెద్దమ్మే 'ఖుబూల్' అనేసింది."

"మిమ్మల్ని చెప్పనిస్తే కాదనేవారా?"

"లేదమ్మా, మీ అంకుల్ మంచాయన. ఖుబూల్ అనేదాన్నే" అని నవ్వారు. నవ్వు ఆగాక మెల్లగా అన్నారు. "కానీ, నేనే అనేదాన్ని."