పాట తగ్గించిన మ్యాట్నీ

1974 వేసవిలో బాలానగర్ ఫ్యాక్టరీల పక్కనున్న ఒక థియేటర్లో ఆపరేటరుగా చేరాను. అంతకుముందు తెనాలిలో సహాయకుణ్ణి. నాకు హిందీ రాదు. ప్రొజెక్టర్ క్యాబిన్‌లోకి బయటివాళ్లు రాకూడదన్నది నియమం కాబట్టి, రోజంతా ఎవరితోనూ మాట ఉండేది కాదు.

ఆ నెల ఒక పాత హిందీ సినిమా మళ్లీ వేశాం. పోట్లాడుకుంటూనే ప్రేమలో పడే ఇద్దరి కథ. షిఫ్టు దిగిన కార్మికులు చూసిందే చూసేవారు. ఏ రీలులో ఎక్కడ నవ్వుతారో నాకు తెలిసిపోయింది, ఎందుకు నవ్వుతారో మాత్రం తెలియలేదు.

ఆరో రీలులో అందరికీ నోటికొచ్చిన పాట ఉంది. ఫిల్ము అంచున సన్నని చారలా ఉండే సౌండ్ ట్రాక్ అక్కడ మురికిపట్టి బరబరమనేది. పాట వచ్చినప్పుడు సౌండు బాగా తగ్గించమన్నాడు మేనేజరు. మ్యాట్నీలో తగ్గించాను. హాలంతా అందుకుని తానే పాడేసింది.

ఆట అయ్యాక ఒకాయన మెట్లెక్కి వచ్చాడు. పేరు యాదగిరి. ఇనుము సాగగొట్టే పెద్ద సుత్తి మిషను మీద పనిచేస్తాడు.

“సారూ, జర నిజం చెప్పు. పాట నువ్వు ఆపినవా, నా చెవులే పోయినయా?”

నేనే తగ్గించానన్నాను. ఆయన ముఖం తేటపడింది. ఇగ ఫికర్ లేదంటూ వెనుదిరిగాడు. అక్కడితో ఊరుకోవచ్చు. కానీ హాలు పాడింది ఆయనకు వినపడనే లేదని తట్టి, రెండు మెట్లు దిగాక భుజం పట్టి ఆపాను.

“హాలంతా పాడిందండీ. గోడ ఇవతల, ఈ మిషను రొదలో కూడా నాకు వినపడింది.”

ఆయన మెట్టు మీదే కూర్చుండిపోయాడు. ఏడాదిగా పెదవులు చూసి మాటలు పోల్చుకుంటున్నాడట.

“ఇంట్ల గూడ చెప్పలే. తెలిస్తే పనిల నుంచి తీసేస్తరని.”

మర్నాడు పొద్దున ఆయనతో దవాఖానకు వెళ్లాను. పోయిన వినికిడి తిరిగి రాదని, సుత్తి దగ్గర మానేస్తే మిగిలింది నిలుస్తుందని డాక్టరు కాగితం రాసిచ్చాడు. ఫ్యాక్టరీవాళ్లు ఆయన్ను స్టోరుకు మార్చారు. జీతం తగ్గలేదు గానీ, ఇరవై ఏళ్ల చేతిపని పోయింది.

ఆ ఆదివారం ఆరో రీలును స్పిరిటు గుడ్డతో అడుగడుగూ తుడిచాను. బరబర చాలావరకు పోయింది. నియమం పక్కనబెట్టి యాదగిరిని క్యాబిన్‌లో, నేను సౌండు సరిచూసుకునే చిన్న స్పీకరు పక్కన కూర్చోబెట్టాను. ఆయన దానికి చెవి ఆనించి పాట మొత్తం విన్నాడు. తరవాత సీన్లలో జనం నవ్విన చోటల్లా ఆ మాట తెలుగులో చెప్పాడు. ఆ సినిమాకు నేను నవ్వింది ఆ ఒక్క ఆటలోనే.

శుక్రవారం ప్రింటు వెళ్లిపోయింది. యాదగిరి మళ్లీ పైకి రాలేదు.

ఆ తరవాత నా సర్వీసులో సౌండు తగ్గించాల్సి వచ్చినప్పుడల్లా ముందు తెర మీద స్లయిడు వేసి చెప్పాను. లోపం యంత్రానిదైతే ఆ సంగతి చెప్పాల్సింది ఆపరేటరే. చెప్పకపోతే, చీకట్లో కూర్చున్న మనిషి అది తనదే అనుకుంటాడు.