ఫలితం చదవని పక్కింటి ఆంటీ

పక్కింటి ఆంటీ పోయారు.

మంగళవారం పొద్దున ఆఫీస్ మీటింగ్‌లో ఉండగా ఆవిడ కూతురి నుంచి మెసేజ్ వచ్చింది. అమ్మ నిద్రలోనే వెళ్ళిపోయింది, ఇంకెవరికీ చెప్పలేదు, ముందు నీకే చెబుతున్నాను అని. కెమెరా ఆఫ్ చేసి కిటికీ దగ్గరికి వెళ్ళాను. ఆవిడ ఇంటి ముందు మంచు నిన్న పడింది పడినట్టే ఉంది. మా కాలనీలో అందరికన్నా ముందు మంచు తోసేది ఆవిడే. డెబ్బై దాటినా, డాక్టర్ వద్దన్నా, తనది అయ్యాక మా ఇంటి ముందు కారు దారి కూడా సగం తోసి, ఏమీ తెలియనట్టు లోపలికి వెళ్ళిపోయేవారు. ఎందుకండీ అంటే, "మీకూ మాకూ మధ్య గీత ఎక్కడుందో కనబడలేదు" అనేవారు.

ఆవిడ తెలుగావిడ కాదు, అసలు ఇండియా మనిషే కాదు. ఏ దేశమో రాయను. ఆవిడ తమ్ముడు ఇంకా అక్కడే ఉన్నాడు. ఒకే మనిషి ఏళ్ళ తరబడి అధ్యక్షుడుగా కూర్చున్న దేశం అంటే చాలు. ఎన్నికలు మాత్రం క్రమం తప్పకుండా జరుగుతాయి. మేం మాట్లాడుకున్నదంతా ఇంగ్లీషులోనే, అది ఇద్దరం పెద్దయ్యాక నేర్చుకున్న భాష. ఆవిడ మాటలు నాకు గుర్తున్నట్టు తెలుగులో రాస్తున్నాను.

మేం మిషిగన్‌లో ఈ నోవై ఊరికి వచ్చిన కొత్తలో మొదటిసారి "ఆంటీ" అని పిలిస్తే ఆవిడ అయోమయంగా చూశారు.

"నేను మీ నాన్న చెల్లెల్ని కాదే."

"మావాళ్ళకి పెద్దవాళ్ళందరూ ఆంటీలేనండీ."

"అయితే మీది చాలా పెద్ద కుటుంబం" అని నవ్వి, తలుపు ఇంకాస్త తీశారు.

ఆ ఇంట్లో టీవీ ఉండేది కాదు. ఉన్న చిన్న రేడియోలో పాటలు వినేవారు. వార్తలు మొదలవగానే లేచి కట్టేసేవారు. వార్తలంటే ఇష్టం లేదేమో అనుకున్నాను. పొద్దున్నే పేపరు మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదువుతారని తరవాత తెలిసింది. అదీ పైకి, గొంతెత్తి, ఒక్కరే వంటింట్లో నిలబడి చదివేవారు. వేసవిలో కిటికీలు తీసి ఉంటే మా ఇంటి వెనక చెక్క డెక్ మీదికి వినబడేది. ఇంగ్లీషు యాసగానే ఉండేది, కానీ ఒక్క మాట మింగేవారు కాదు.

మా అమ్మాయి నాలుగో క్లాసులో ఉండగా స్కూల్లో అందరి ముందూ ఏదో చదవాల్సి వచ్చి, భయపడి రెండు రోజులు అన్నం తినలేదు. నేను ఆంటీ దగ్గర కూర్చోబెట్టాను. ఆవిడ దానికి చెప్పింది ఒకటే: "కామా దగ్గర నువ్వు ఊపిరి తీసుకో. ఫుల్‌స్టాప్ దగ్గర వినేవాళ్ళని తీసుకోనివ్వు." అది స్కూల్లో చక్కగా చదివి వచ్చి, "అమ్మా, ఆంటీ టీచరా?" అని అడిగింది. నేనూ వెళ్ళి ఆంటీని అదే అడిగాను.

ఆరోజు ఆవిడ బంగాళాదుంపలు చెక్కు తీస్తున్నారు. తీస్తూనే చెప్పారు.

తమ దేశంలో ప్రభుత్వ రేడియోలో వార్తలు చదివేవారట. ఆవిడ గొంతు తెలియని ఇల్లు లేదట. ఒక అధ్యక్ష ఎన్నికల రోజు సాయంత్రం బులెటిన్‌కి ముందు ఎడిటర్ కాగితం తెచ్చి చేతిలో పెట్టాడు. అందులో అధ్యక్షుడు మళ్ళీ గెలిచినట్టు, ఎంత మెజారిటీతో గెలిచాడో దశాంశంతో సహా ఉంది. ఊళ్ళో పోలింగ్ ఇంకా జరుగుతోంది.

"ఇంకా ఓట్లు వేస్తున్నారు కదా" అని ఆవిడ అంటే, "చదువు. రేపైనా ఇదే అంకె" అన్నాడట. కోపంగా కూడా అనలేదట. బాగా అలిసిపోయి ఉన్నాడట పాపం.

ఆవిడ స్టూడియోలోకి వెళ్ళారు. వాతావరణం చదివారు, ఫుట్‌బాల్ చదివారు. ఆ కాగితం వంతు రాగానే పక్కన పెట్టి, "ఎన్నికల ఫలితం ఇంకా రాలేదు. పోలింగ్ జరుగుతోంది" అన్నారు. వెంటనే అవతల ఎవరో సంగీతం వేసేశారు.

"ఎలా వచ్చింది ఆంటీ అంత ధైర్యం?" అని అడిగాను.

ఆవిడకి ఆ మాట నచ్చలేదు. "ధైర్యం ఏముంది? మా అమ్మ అప్పటికి ఇంకా లైన్లో నిలబడి ఉంది. కాళ్ళనొప్పులు, చేతిలో మడతకుర్చీ. ఆవిడ ఓటు వెయ్యకముందే నేను ఫలితం చెప్పేస్తే, ఇంటికెళ్ళి ఏ మొహం పెట్టుకుని ఆవిడ వండింది తినను?"

ఆ తరవాత జరిగింది నాలుగు మాటల్లో ముగించారు. ఉద్యోగం మర్నాడే పోయింది. లెక్కల మాస్టారైన భర్తని వీధుల్లో గొడవలు జరిగినప్పుడు పట్టుకెళ్ళారు, తిరిగొచ్చాక కిడ్నీలు పాడై ఎక్కువకాలం బతకలేదు. అమ్మ కూడా పోయాక కూతురి దగ్గరికి మిషిగన్ వచ్చేశారు. చెప్పడం అయ్యేసరికి దుంపలూ అయ్యాయి. స్టవ్ వెలిగించి, "ఉప్పు అందుకో" అన్నారు.

కిందటేడు అక్కడ మళ్ళీ అధ్యక్ష ఎన్నికలు వచ్చాయి. మళ్ళీ అదే మనిషి నిలబడ్డాడు. బయటి దేశాల్లో ఉన్నవాళ్ళు తమ కాన్సులేట్‌లో ఓటు వెయ్యచ్చు. మాకు దగ్గరలో ఉన్నది చికాగోలో. ఆవిడ కూతురు నర్సు, ఆరోజు డ్యూటీ. ఆంటీ హైవే మీద డ్రైవ్ చెయ్యరు.

"నేను తీసుకెళ్తాను" అన్నాను.

ఇంట్లో మా ఆయన ఒప్పుకోలేదు. "అక్కడ ప్రొటెస్ట్ లాంటిది అయితే? ఏదో వీడియోలో నువ్వు కనబడితే? డిసెంబర్‌లో వీసా స్టాంపింగ్‌కి ఇండియా వెళ్ళాలి మనం. వాళ్ళ గొడవ మనకెందుకు చెప్పు?" తన భయం అబద్ధం కాదు. వీసా మీద బతికేవాళ్ళకి అర్థమవుతుంది. "నేను కార్‌లోనే కూర్చుంటాలే" అని చెప్పి బయల్దేరాను.

ఆంటీ బయల్దేరే ముందు తమ్ముడికి ఫోన్ చేశారు. ఆయన బస్ డిపోలో మెకానిక్. ఆవిడ నా ముందే మాట్లాడి, నాకు తర్జుమా చేశారు. "వెళ్ళనా అని అడిగాను. ఏదైనా అయితే వాడి మీదికే కదా వస్తుంది. 'నేనిక్కడ వేస్తే లెక్కపెట్టరు, నువ్వక్కడ వేస్తే కనీసం పారెయ్యడానికి ఇంకో పెట్టె కొనాలి వాళ్ళు, వెళ్ళు' అన్నాడు." చెప్పి నవ్వారు కానీ దారంతా ఫోన్ ఒళ్ళోనే పెట్టుకుని కూర్చున్నారు. నేను చేసిన పులిహోర, ఆవిడ ఉడకబెట్టిన గుడ్లు కలిపి తిన్నాం.

కాన్సులేట్ ముందు లైను వీధి మలుపు తిరిగి అవతలికి పోయింది. నేను కార్‌లో కాసేపు కూర్చున్నాను. ఆవిడ ఒక్కరే ఆ చలిగాలిలో నిలబడి ఉంటే ఉండలేక వెళ్ళి పక్కన నిలబడ్డాను.

ఆంటీ ముందున్న పెద్దాయన్ని ఏదో అడిగారు, ఎంతసేపట్నుంచి నిలబడ్డారని అనుకుంటాను. ఆయన లారీ డ్రైవరు, పక్క రాష్ట్రంలోని టొలీడో నుంచి వచ్చాడు. గిరుక్కున వెనక్కి తిరిగాడు. ఆవిడ మొహం చూడలేదు, తల వంచి చెవి ఒగ్గాడు. ఇంకోసారి మాట్లాడమన్నట్టు చెయ్యి ఊపాడు. వెనకాల ఉన్న అమ్మాయి నాకు ఇంగ్లీషులో చెప్పింది: "ఆవిడ ఆ రోజు రేడియోలో ఫలితం చదవలేదట కదా? గొంతు గుర్తుపట్టానంటున్నాడు. ఆయన అప్పుడు బండిలో వింటున్నాడట." ఆంటీ ఎర్రబడిపోయి చేతిగ్లవ్ సర్దుకున్నారు.

కాన్సులేట్ పై అంతస్తు కిటికీలోంచి ఒకతను ఫోన్‌తో లైనంతా వీడియో తీస్తున్నాడు. చాలామంది స్కార్ఫులు మొహం మీదికి లాక్కున్నారు. నేనూ టోపీ కిందికి దించుకున్నాను. "మీరూ కప్పుకోండి ఆంటీ" అన్నాను. ఆవిడ స్కార్ఫు ముక్కు దాకా లాగి, కొంచెంసేపటికి తీసేశారు. "ఊపిరాడట్లేదు" అన్నారు.

లైను కదిలీ కదలనట్టు కదిలింది. సాయంత్రం మా ముందు ఇంకా చాలామంది ఉండగానే ఒకతను బయటికొచ్చి, టైం అయిపోయిందని చెప్పి గేటు మూశాడు. జనం అరిచారు. లారీ డ్రైవరు గేటు పట్టుకుని ఊపాడు. ఎవరో ఏడ్చారు. ఒక కుర్రాడు ఆంటీ దగ్గరికి వచ్చి, మీరు మాట్లాడండి అని బతిమాలాడు. ఆవిడ వద్దని తల ఊపారు. తరవాత నా భుజం పట్టుకుని పక్కనున్న మెట్టు ఎక్కారు.

ఉపన్యాసం ఇవ్వలేదు. వార్త చదివారు. చేతిలో కాగితం లేకుండా, ఒక్కో మాటా విడిగా. ఆ అమ్మాయి నా చెవిలో చెబుతూ వచ్చింది: "ఈరోజు ఈ ఊళ్ళో జనం పొద్దుటి నుంచి ఓటు వెయ్యడానికి నిలబడ్డారు. ఇప్పుడు గేటు మూశారు. లైన్లో ఉన్నవాళ్ళు ఇంకా ఓటు వెయ్యలేదు. వార్తలు సమాప్తం." అంతే. మెట్టు దిగారు. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. లారీ డ్రైవరు గేటు వదిలేశాడు.

ఆవిడ ఓటు వెయ్యకుండానే తిరిగొచ్చాం. మేం ఇల్లు చేరేలోపు అక్కడ ఫలితం ప్రకటించారు. అదే మనిషి, మళ్ళీ దశాంశంతో సహా. చాలా దేశాలు ఆ ఫలితాన్ని ఒప్పుకోలేదు. అక్కడ వీధుల్లోకి వచ్చినవాళ్ళని పట్టుకెళ్ళారు. ఆవిడ మాటల వీడియో ఎవరెవరి ఫోన్లలోనో తిరిగి ఆ దేశం చేరింది. వారం తిరక్కుండా తమ్ముణ్ణి డిపో నుంచి తీసుకెళ్ళారు.

ఆ రోజుల్లో ఆవిడ పేపరు పైకి చదవడం మానేశారు. కడిగిన గిన్నెలే కడిగేవారు. నేను సూప్ పట్టుకెళ్తే మూత తియ్యకుండా బల్లమీద పెట్టుకుని కూర్చునేవారు. ఒకరోజు అన్నారు: "వాడు వెళ్ళమన్నాడు, నేను వెళ్ళాను. కానీ మెట్టెక్కమని వాడు చెప్పలేదు." నేను సూప్ మూత తీసి, చెంచా పక్కన పెట్టాను. ఆవిడే మళ్ళీ, "కారు నడిపింది నువ్వు కాబట్టి ఇందులో నీకూ వాటా ఉందనుకోకు. లేదు" అన్నారు. నిజానికి అప్పటిదాకా నేను అదే అనుకుంటున్నాను.

మంచు కరిగే రోజుల్లో తమ్ముణ్ణి వదిలారు. ఆయన ఫోన్ చేసినప్పుడు నేనక్కడే ఉన్నాను. ఆవిడ కుర్చీలో కూలబడి చాలాసేపు విన్నారు, తరవాత ఉన్నట్టుండి పడీపడీ నవ్వారు, నవ్వుతూనే కళ్ళు తుడుచుకున్నారు. పోలీసులు ఆ వీడియో పెట్టి, ఇది మీ అక్కేనా అని అడిగారట. "సరిగా వినబడలేదు, ఇంకోసారి పెట్టండి" అన్నాడట. పెట్టారట. మళ్ళీ పెట్టమన్నాడట. అప్పుడు కొట్టారట. ఉద్యోగం పోయింది. ఒక పన్ను కూడా పోయింది. "నీ గొంతు కొంచెం బొంగురు పోయిందక్కా, వేడిగా ఏమైనా తాగు" అన్నాడట.

తరవాత ఆవిడ మెట్టు గురించి మాట్లాడలేదు. కానీ తమ్ముడు మళ్ళీ పనిలో చేరేదాకా రోజూ మధ్యాహ్నం ఫోన్ చేసి, అటు నుంచి హలో వినబడితే చాలు, పెట్టేసేవారు.

వాళ్ళ దేశం మారలేదు. అది మారడం చూసి పోవాలని ఆవిడ ఎప్పుడూ అనలేదు కూడా. ఒకసారి నన్నే అడిగారు: "మీ ఊళ్ళో నువ్వు ఆఖరుసారి ఓటు ఎప్పుడు వేశావు?" లీవ్ దొరకదని, టికెట్లు ఎక్కువని ఏవేవో చెప్పాను. విని, "అక్కడ లెక్కపెడతారా?" అన్నారు. "పెడతారండీ" అన్నాను. "మంచిది" అని, ఇంకో కప్పు టీ పోశారు. దెప్పలేదు. ఆ "మంచిది"లో నిజంగా సంతోషమే ఉంది. నాకదే గుర్తుండిపోయింది.

అంత్యక్రియల రోజు చర్చికి నలభై మంది దాకా వచ్చారు. తమ్ముడికి పాస్‌పోర్ట్ ఇవ్వలేదు. టొలీడో నుంచి లారీ డ్రైవరు సూట్ వేసుకుని వచ్చాడు. మా ఆయన ఆఫీస్‌కి సెలవు పెట్టి, అడక్కుండానే శవపేటిక మోసే వాళ్ళలో నిలబడ్డాడు.

తరవాత శ్మశానానికి కార్లన్నీ వరసగా బయల్దేరాయి. ఇక్కడి ఆనవాయితీ ప్రకారం, అంతిమయాత్ర అని తెలిసేలా మిట్టమధ్యాహ్నం అందరం హెడ్‌లైట్లు వేసుకుని, ఒకరి వెనక ఒకరం, నెమ్మదిగా వెళ్తున్నాం. ఎదురుగా వస్తున్న పసుపుపచ్చ స్కూల్ బస్సు ఒకటి మమ్మల్ని చూసి రోడ్డు పక్కకి తీసి ఆగింది. లోపల పిల్లలు ఆవిరి పట్టిన అద్దాలని అరచేతులతో తుడుచుకుని, వెళ్తున్న ఒక్కో కారునీ చూస్తున్నారు. ఆఖరి కారు దాటేదాకా బస్సు కదల్లేదు.