వాలిపోయిన మణికట్లు

స్పానర్ చేతిలోంచి జారి పడిన రోజు మంగళవారం. డైరీలో రాసుకున్నాను. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడిన మరుసటి ఏడాది వేసవి అది. ప్రొద్దుటూరు బయట ఒక పత్తి గోడౌనులో, యుద్ధకాలం నాటి రెండు రెక్కల విమానాన్ని మద్రాసు సినిమా వాళ్ళ కోసం బాగుచేస్తున్నాను. షూటింగులో దాన్ని నడపవలసింది కూడా నేనే.

రెక్కలకు గుడ్డ కుట్టే దర్జీ ఖాదర్ పగలబడి నవ్వాడు.

"ఏంది మామా, స్పానర్ను పడేస్తాండావు? సంగటి ముద్దనైతే గట్టిగానే పట్టుకుంటావే!"

నేనూ నవ్వాను. అప్పటికే నెల రోజులుగా కడుపులో మెలిపెట్టే నొప్పి, మలబద్ధకం. వారం తిరిగేసరికి కుడి చెయ్యి చాపితే మణికట్టు కిందికి వాలిపోయింది. ఎంత ప్రయత్నించినా పైకి లేవలేదు.

జమ్మలమడుగులో డాక్టరు నా పెదవి ఎత్తి చూశారు. చిగుళ్ళ మీద నీలం గీత ఉంది.

"ఇది రిస్ట్ డ్రాప్. పెయింటు పని చేస్తారా?"

"పాత పెయింటు గీకుతాను సార్."

"తినే ముందు చేతులు దేనితో కడుక్కుంటారు?"

గోడౌనుకు నీళ్ళు బిందెలతో మోసుకు రావాలి. అందుకని పెట్రోలు గుడ్డతో చేతులు తుడుచుకుని అక్కడే సంగటి తినేవాణ్ణి. పైగా ఇసుక గాలి రాకుండా తలుపులు మూసి గీకేవాణ్ణి.

మద్రాసులో బ్లడ్ టెస్టు చేసి లెడ్ పాయిజనింగ్ అని, పాత పెయింటులోని సీసం ఒంట్లో చేరిందని తేల్చారు. కాల్షియం ఇంజెక్షన్లతో నొప్పి తగ్గింది. చేతికి ఊతంగా స్ప్లింట్ బద్ద కట్టి, "నర్వ్ కోలుకోవాలి. ఆ గోడౌను గడప తొక్కకండి" అన్నారు. ఆ నెలల డైరీ అంతా నా భార్య చేతిరాతలో ఉంది. నాలుగో నెలలో బొటనవేలు కొద్దిగా లేచింది. ఆ మాట ఆమె రెండుసార్లు రాసింది.

అంతలో సినిమా వాళ్ళ ఉత్తరం వచ్చింది. షూటింగు వచ్చే నెలలోనే అన్నారు. గీకడానికి తోక భాగం ఒక్కటే మిగిలింది. నా బదులు వేరొకరు ఎక్కుతారేమోనని భయం. మళ్ళీ గోడౌనుకు వెళ్ళి మూడు రోజులు ఎడమ చేత్తో గీకాను.

ఖాదర్ అడ్డం పడ్డాడు. "యాడన్నా ఉందా ఇట్లాంటి పిచ్చి? ఆ విమానం నిన్ను మోస్తాదో లేదో గానీ మామా, మేం నలుగురం మోయాల్సొస్తాది!"

వినలేదు. నొప్పి తిరగబెట్టింది. ఎడమ మణికట్టు కూడా వాలిపోయింది. మద్రాసు డాక్టరు కోప్పడలేదు. "ఇక ఎంతవరకు వస్తుందో చెప్పలేను" అన్నారు, అంతే.

జమ్మలమడుగు దగ్గర రేగడి మైదానంలో వేరే పైలట్ విమానాన్ని లేపాడు. జనం చప్పట్లు కొట్టారు. జీపులో కూర్చుని చూశాను. నా చేతులు ఒళ్ళో ఉన్నాయి.

ఇప్పుడు పులివెందులలో ఉంటున్నాము. ఎడమ చెయ్యి కొంత వచ్చింది. దానితోనే ఇది రాస్తున్నాను, రోజుకు నాలుగు వాక్యాలు. కుడి చెయ్యి రాలేదు. చొక్కా గుండీలు నా భార్యే పెడుతుంది. బాగవుతుందని ఎదురుచూడటం ఇద్దరమూ మానేశాము.

పాత రంగులు గీకేవాళ్ళకు, ప్రెస్సుల్లో సీసం అక్షరాలు కూర్చేవాళ్ళకు ఒక్క మాట. పనిచేసే చోట తినకండి. సబ్బుతో, నీళ్ళతో చేతులు కడుక్కున్నాకే తినండి. నీళ్ళు దొరక్కపోతే ఆ పూట పస్తుండండి.