మాకో అంటే పాలో అన్నారు

నిండు సభలో మైకు పట్టుకుని మరీ నా పరువు నేనే తీసుకున్న కథ ఇది. ఆ పనికి ఇంకొకరి సాయం అక్కర్లేకపోయింది. మీరు నవ్వుకుంటే నాకేం అభ్యంతరం లేదు. ఆ రోజు అక్కడున్నవాళ్లు నా అనుమతి అడిగి నవ్వారా ఏమిటి?

అప్పుడు నాకు ఇరవై నాలుగేళ్లు. మెట్రో కోసం ఢిల్లీ రోడ్లన్నీ తవ్విపోస్తున్న రోజులు. మునిర్కాలో ఒక గది అద్దెకి తీసుకుని, భాషాశాస్త్రంలో పిహెచ్‌డి చేస్తున్నానని మా తెనాలి వాళ్లందరికీ చెప్పుకుంటున్నాను. నిజానికి చెయ్యడం లేదు. చెయ్యడానికి విషయం దొరకలేదు. మా గైడు వసుంధర గారు నేను పట్టుకెళ్లిన మూడు విషయాల్నీ తిప్పికొట్టారు. ఆవిడ కేకలెయ్యరు. కాయితాలు పక్కకి జరిపి, మెత్తగా "ఇంకోటి చూడండి బాబూ" అంటారు. ఆ మెత్తదనానికి కేకలే నయం. వేసవి సెలవుల్లోపు విషయం తేలకపోతే సీటు వదులుకోవాల్సిందేనని డిపార్ట్‌మెంటు వాళ్లు కూడా చెప్పేశారు.

ఆదివారాలు నన్ను బతికించింది పార్వతి ఆంటీ. దగ్గర్లోనే గవర్నమెంటు క్వార్టర్లలో ఉండేవారు. అమ్మకి దూరపు చుట్టరికం. ఆవిడ భర్త సుబ్బరామయ్య అంకుల్ ఏదో మంత్రిత్వశాఖలో సెక్షన్ ఆఫీసరు, సాయంత్రాలు ఆ కాలనీ తెలుగు సంఘానికి కార్యదర్శి. వాళ్లకి ఇద్దరాడపిల్లలు. పదేళ్ల తేజు, నాలుగేళ్ల చిన్ని. తేజుకి తెలుగు బాగానే అర్థమవుతుంది గానీ జవాబు మాత్రం హిందీలోనే ఇస్తుంది.

ఒక ఆదివారం గోంగూర పచ్చడితో సుష్టుగా తిని, బాల్కనీలో చాప మీద వాలాను. కింద పార్కులోంచి ఒక పిల్ల గొంతు వినిపించింది: "మాకో?" వెంటనే పదిమంది పిల్లలు: "పాలో!" మళ్లీ "మాకో?" మళ్లీ "పాలో!"

లేచి తొంగి చూశాను. ఒక పిల్ల కళ్లకి చున్నీ కట్టుకుని, చేతులు చాపి తడుముకుంటోంది. ఆ పిల్ల "మాకో" అన్నప్పుడల్లా మిగతావాళ్లు "పాలో" అని తీరాలి, అంటూ తప్పించుకోవాలి. గొంతు పోల్చుకుని ఎవరిని ముట్టుకుంటే వాళ్లే దొంగ. అందులో పంజాబీ పిల్లలున్నారు, బెంగాలీ పిల్లలున్నారు, బీహారు పిల్లలున్నారు. అందరూ అచ్చతెలుగులో ఆడుతున్నారు.

నాకు ఒళ్లు జలదరించింది. గోంగూర ప్రభావం కూడా కొంత ఉండొచ్చు.

అయిదు నిమిషాల్లో సిద్ధాంతం తయారైంది. కళ్లకి గంత కట్టుకున్నది గోపిక. చుట్టూ కేరింతలు కొడుతున్నది కృష్ణుడి జట్టు. కుండలన్నీ ఖాళీ చేసి వీళ్లు పోతుంటే ఆవిడ "మరి మాకో?" అని నిలదీస్తుంది. వీళ్లు "ఏవిటీ, పాలో?" అని వెక్కిరించి పారిపోతారు. ఈ ఆట ఎప్పుడో మన కృష్ణాతీరం నుంచి బయల్దేరి, ఏ బండ్లలోనో ఉత్తరాదికి చేరి, పేరు మాత్రం తెలుగులోనే నిలుపుకుందన్నమాట.

పరిశోధకుణ్ణి కదా, రుజువు కావాలి. కిందికి దిగి, మాకో అంటే ఏమిటని తేజుని అడిగాను. "పతా నహీ భయ్యా, బస్ బోల్తే హై" అంది. అర్థం తెలియకుండా అంటున్నారంటే ఎంత ప్రాచీనమై ఉండాలి! నా సంతోషానికి పట్టపగ్గాల్లేవు. ఈ ఆట ఎక్కడ నేర్చుకున్నావని ఇంకొక్క ప్రశ్న అడిగి ఉంటే ఈ కథే లేదు. అడగలేదు. పిల్లలకేం తెలుస్తుందిలే అనుకున్నాను.

సుబ్బరామయ్య అంకుల్‌కి చెప్పగానే ఆయన కుర్చీలోంచి లేచిపోయారు. ప్రతి దసరాకీ బెంగాలీ వాళ్ల సంఘం ముందు మనం తేలిపోతున్నామని ఆయనకి ఎన్నాళ్లుగానో గుండెల్లో మంట. ఎద్దు ఈనిందంటే దూడని కట్టెయ్యమన్నాట్ట వెనకటికొకాయన. మా అంకుల్ ఆ దూడకి నామకరణం చేసి, ఊరేగింపు కూడా పెట్టారు. ఉగాది సభలో నాదే ప్రధాన ప్రసంగమన్నారు. వసుంధర గారిని ముఖ్య అతిథిగా పిలవమన్నది మాత్రం నేనే. ఆ తప్పు ఇంకొకరి మీదికి తోసే అవకాశం లేదు.

మా గది కిందే ఇంటర్నెట్ సెంటరుండేది. ఆ వారంలో రెండుసార్లు వెళ్లాను. రెండుసార్లూ ప్రసంగం టైపు చేయించుకోవడానికే.

ఉగాది సాయంత్రం కమ్యూనిటీ హాలు నిండిపోయింది. ఇరవై నిమిషాలు మాట్లాడాను. నన్నడిగితే అద్భుతంగా మాట్లాడాను. గోపిక దగ్గర గొంతు వణికించాను. చప్పట్లు మోగాయి, పార్వతి ఆంటీ కళ్లొత్తుకున్నారు. ముందు వరసలో వసుంధర గారు తలొంచుకుని ఏదో రాసుకుంటున్నారు. నా సిద్ధాంతం రాసుకుంటున్నారనుకుని ఇంకో అయిదు నిమిషాలు పొడిగించాను.

చివర్లో, ఆట ఆడి చూపించడానికి పిల్లల్ని వేదిక మీదికి పిలిచాను. తేజు తిన్నగా నా దగ్గరికొచ్చి మైకు తీసుకుంది.

"భయ్యా, యే తో మార్కో పోలో హై."

తేజు తాపీగా విడమర్చి చెప్పింది. అది ఈతకొలనులో ఆడే ఆటట. కిందటి సెలవుల్లో ఈత నేర్పిన కోచ్ చెప్పాడట. నీళ్లలో కళ్లు మూసుకుని ఒకరు మార్కో అంటే మిగతావాళ్లు పోలో అనాలి. పార్కులో నీళ్లు లేవు కాబట్టి చున్నీ కట్టారు. అంతే.

అడుసు తొక్కనేల, కాలు కడగనేల అన్నారు పెద్దలు. నేను అడుసు తొక్కడమే కాక, అందులోనే చాప పరుచుకున్నాను. మైకు లాక్కుని, ఆ మార్కో పోలో మాత్రం ఎక్కడికొచ్చాడని సభని గద్దించాను. మన మోటుపల్లి రేవుకే కదా, రుద్రమదేవి కాలంలో! అక్కడ మన పిల్లలు ఈ ఆట ఆడుతుంటే చూసి, ముచ్చటపడి, బహుశా ఆయన కూడా వాళ్లని పాలడిగి...

తేజు నా మొహంలోకి జాలిగా చూసి, "తో ఉస్‌కో దూద్ మిలా?" అని అడిగింది. ఇంతకీ ఆయనకి పాలు దొరికాయా అని.

నవ్వులతో హాలు దద్దరిల్లిపోయింది. ముందు వరసలో ఒక పెద్దాయన నవ్వలేక కుర్చీ చెయ్యి పట్టుకున్నారు. సుబ్బరామయ్య అంకుల్ ఆహ్వానపత్రిక మొహానికి అడ్డం పెట్టుకున్నారు, దాని మీద నా పేరే ఉంది.

అప్పుడు వసుంధర గారు లేచారు. నా సీటు పోయిందనే అనుకున్నాను. ఆవిడ నన్ను చూడనే లేదు. తేజు దగ్గరికెళ్లి, "మరి మార్కో పోలో కాస్తా మాకో పాలో ఎలా అయిందమ్మా?" అని అడిగారు.

తేజు తన వెనక నక్కిన చిన్నిని ముందుకి లాగింది. చిన్నికి 'ర' పలకదట. మాకో అనేదట, పోలో కూడా దాని నోట్లో పాలో అయ్యేదట. పెద్దపిల్లలు నవ్వితే ఏడ్చుకుంటూ ఇంటికెళ్లిపోయి, రెండు రోజులు ఆటకే రాలేదట. అందుకని పిల్లలంతా కూడబలుక్కుని, ఇకమీదట అందరూ చిన్నిలాగే అనాలని తీర్మానించారట.

ఈ సంగతి పార్వతి ఆంటీకీ తెలియదు. ఆవిడ వేదికెక్కి చిన్నిని ఎత్తుకున్నారు. అంతలో ఆంటీ చంకలోంచి చిన్ని, ఇంతమంది తన వైపే చూస్తుంటే హుషారొచ్చి, మైకులోకి "మాకో?" అంది. రెండు వందల మంది ఒక్క గొంతుతో "పాలో!" అన్నారు. ఆ తరవాత సభ సభలా లేదు. అంకుల్ తన కండువా తీసి కళ్లకి కట్టుకున్నారు, అండర్ సెక్రటరీలు కుర్చీల మధ్య పరుగులు తీశారు, ఉగాది పచ్చడి గిన్నె ఒరిగింది.

నేను తెర వెనకాల నిలబడ్డాను. వసుంధర గారు అక్కడికే వచ్చారు.

"బాబూ, విషయం దొరికింది కదా."

"ఏదండీ?"

"పిల్లల నోళ్లలో మాటలు ఎలా మారతాయో, ఎందుకు మారతాయో. రేపు పదింటికి రండి. వీలైతే ఆ పెద్దపాపని కూడా తీసుకురండి. మీకంటే స్పష్టంగా చెబుతోంది."

అసలా ఆటకి మార్కో పోలో పేరెందుకొచ్చిందండీ అని నసుగుతూ అడిగాను. "తెలియదు" అన్నారు. అంత చదువుకున్నావిడ ఆ మాట అంత తేలిగ్గా అనగా నేను వినడం అదే మొదటిసారి. చివరికి పిల్లల నోళ్లలో మారే మాటల మీదే నాకు డాక్టరేటొచ్చింది.

కాబట్టి మహాజనులారా, కుడిచెయ్యి శబ్దరత్నాకరం నిఘంటువు మీద ఉంచి మీ అందరి సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఇకమీదట ఏ మాటకైనా పుట్టుక చెప్పేముందు, ఆ మాట పలికే నాలుగేళ్ల పిల్లని వెతికి పట్టుకుని, వినయంగా అడుగుతాను. గోంగూర తిన్న రోజున అసలు నోరే విప్పను.